గుజరాతీ పాఠకులకు ప్రపంచ యుద్ధాల చరిత్ర కథలుగా రాయాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

తాపీతీరం (ప్రశ్న)

అందరికీ నమస్కారం. ఒక గుజరాతీ వారపత్రిక పిల్లల పేజీకి రెండు ప్రపంచ యుద్ధాల మీద 12 భాగాల శీర్షిక తయారవుతోంది. చదివేది 13 నుంచి 16 ఏళ్ళ పిల్లలు. వాళ్ళ చేతిలోంచి పేపరు లాక్కుని చదివే పెద్దలు కూడా ఉంటారు. ఒక్కో భాగానికి సుమారు 1,100 మాటలు, ఒక పటం, ఒక ఫొటో ఇస్తారు. చిత్తుప్రతి ముందు తెలుగులో రాసి తర్వాత గుజరాతీ చేయాలన్నది ప్రస్తుత పద్ధతి.

ఇప్పటికి వేసుకున్న వరస ఇది: సరయెవో హత్య, మార్న్ యుద్ధం, వెర్డన్, రష్యా విప్లవం, వెర్సాయ్ ఒప్పందం, హిట్లర్ రాక, డన్‌కిర్క్, స్టాలిన్‌గ్రాడ్, పెర్ల్ హార్బర్, నార్మండీ, బెర్లిన్, హిరోషిమా. మొదటి రెండు భాగాలు రాసి చూస్తే పాఠ్యపుస్తకంలా ఉన్నాయి. కథ కదలడం లేదు.

అడగాలనుకున్నవి మూడు. ఈ వరస మార్చాలా? సంభాషణలు కల్పించి రాయవచ్చా? తెలుగు నుంచి గుజరాతీకి వెళ్ళేటప్పుడు ఎక్కడ కాలు జారుతుంది?

నౌకాచరిత్ర

వరస మార్చాలండీ. మీ 12 భాగాల్లో ఒక్కటి కూడా గుజరాతీ పిల్లవాడికి తెలిసిన రేవులోంచి మొదలవడం లేదు. సరయెవో ఎక్కడుందో చెప్పడానికే మీకు 200 మాటలు పోతాయి, ఫ్రాన్జ్ ఫెర్డినాండ్ ఎవరో చెప్పడానికి మరో 150. కథ మొదలయ్యేసరికి పిల్లవాడు పేజీ తిప్పేస్తాడు.

గుజరాత్‌ది సముద్రపు నేల. మాండ్వి, సలాయా, పోర్‌బందర్, వెరావల్, భావ్‌నగర్ నుంచి తరతరాలుగా జనం తూర్పు ఆఫ్రికాకు వెళ్ళారు. జాంజీబార్ పేరు కచ్ ఇళ్ళలో అమ్మమ్మలకు కూడా తెలుసు, పాత గుజరాతీలో దాన్ని జంగ్‌బార్ అనేవారు. మొదటి ప్రపంచ యుద్ధం ఆ రేవుకి 1914 సెప్టెంబరు 20 తెల్లవారుజామున వచ్చింది. బ్రిటిష్ నౌక పెగసస్ బాయిలర్ల మరమ్మతు కోసం అక్కడ లంగరు వేసి ఉంది. జర్మన్ క్రూజర్ కోనిగ్స్‌బర్గ్ వచ్చి దాన్ని ముంచింది. జర్మన్ ఫిరంగుల గుండ్లు ఎక్కువ దూరం పోతాయి. పెగసస్ కొట్టిన గుండ్లు శత్రువు దాకా పోనేలేదు. మీ మొదటి భాగం ఇదే కావాలి. ఒక రేవు, ఒక ఉదయం, రెండు నౌకలు. సరయెవోకి అందులో రెండు వాక్యాలు చాలు: "యూరప్‌లో ఒక యువరాజును చంపారు, 37 రోజుల్లో ఆ గొడవ జర్మనీ, బ్రిటన్ల యుద్ధంగా మారింది." జూన్ 28 నుంచి ఆగస్టు 4 వరకు లెక్కపెడితే 37 రోజులే.

రెండో భాగం కూడా అక్కడే ఉంది. అదే కోనిగ్స్‌బర్గ్‌కి తర్వాత ఇంజను చెడింది, రుఫిజీ నది డెల్టాలో మడ చెట్ల మధ్య దాక్కుంది. వెతికి పట్టుకుని దెబ్బతీసేసరికి 1915 జూలై 11 అయింది. లోతైన నీళ్ళు కావలసిన పెద్ద యుద్ధనౌకలు ఆ పాయల్లోకి పోలేవు కాబట్టి, లోతు తక్కువ నీటిలో నడిచే సెవర్న్, మెర్సీ అనే రెండు మానిటర్లను (పెద్ద ఫిరంగులున్న చిన్న యుద్ధనౌకలను) తెప్పించారు. నౌక పోయింది, కథ ఆగలేదు. జర్మన్లు దాని 105 మిల్లీమీటర్ల ఫిరంగులు పదింటినీ విప్పి, బండ్లకెక్కించి, అడవుల్లో నేల మీద పోరాడటానికి వాడుకున్నారు. పిల్లలకు ఇంతకంటే ఏం కావాలి!

అప్పటి జర్మన్ తూర్పు ఆఫ్రికా రేవు టాంగాలో జరిగిన యుద్ధాన్ని కూడా వదలకండి. 1914 అక్టోబరు 16న సుమారు 8,000 మందితో బ్రిటిష్ ఇండియా దండు బయల్దేరింది ముంబై నుంచే. ఓడల్లో వారాల తరబడి ఇరుక్కుని, కడుపులో తిప్పి, కాళ్ళ మీద నిలబడలేని స్థితిలో నవంబరు మొదటి వారంలో దిగారు. ఎదురుగా జర్మన్ సేనాని లెటో-ఫోర్బెక్ దగ్గరున్నది సుమారు వెయ్యి మంది. అయినా ఓడిపోయి, తుపాకులు, తూటాలు ఒడ్డునే వదిలి ఓడలెక్కారు. ఎందుకన్నదే కథ. దిగే ముందు బ్రిటిష్ నౌక కెప్టెన్ ఊళ్ళోకి వెళ్ళి, ఇదివరకటి తటస్థ ఒప్పందం ఇక చెల్లదని జర్మన్ అధికారికి మర్యాదగా చెప్పి వచ్చాడు. ఆ వ్యవధిలో లెటో-ఫోర్బెక్ మోషీ వైపు నుంచి రైల్లో సైన్యాన్ని తెచ్చుకున్నాడు. పైగా కాల్పులకు రేగిన తేనెటీగలు ఇరువైపుల వాళ్ళనూ కుట్టాయి. ఇక్కడొక జాగ్రత్త: తేనెటీగలే గెలిపించాయని రాయకండి. అవి కథకు రుచి. ఓటమికి కారణాలు మాత్రం ముందస్తు హెచ్చరిక, నేల పరిశీలన లేకపోవడం, అలసిన సైన్యం.

లెటో-ఫోర్బెక్ లొంగింది 1918 నవంబరు 25న, యూరప్‌లో యుద్ధం ఆగిన 14 రోజుల తర్వాత. మొదటి యుద్ధం ఆరు భాగాలకు ఆ తేదీ మంచి ముగింపు.

అనువాదబల్ల

భాష సంగతి నేను చెబుతాను. మీ శీర్షిక పేరులోనే పెద్ద గొయ్యి ఉంది. గుజరాతీలో "ప్రపంచ్" అంటే మోసం, కుట్ర, మాయోపాయం. మన "ప్రపంచ యుద్ధం" అలవాటు కొద్దీ అలాగే దిగిందంటే "కుతంత్రాల యుద్ధం" అని చదువుకుంటారు. అక్కడి మాట విశ్వయుద్ధ్. నపుంసక లింగం కాబట్టి "పహేలుం విశ్వయుద్ధ్, బీజుం విశ్వయుద్ధ్".

ఇలాంటి జంట మాటలు ఇంకా ఉన్నాయి. "వార్తా" అంటే అక్కడ కథ. మన వార్తకు వాళ్ళ మాట "సమాచార్". మీరు "యుద్ధ వార్తలు" అనుకుని రాస్తే వాళ్ళు "యుద్ధ కథలు" అని అర్థం చేసుకుంటారు, అది మీకు కలిసొచ్చే పొరపాటే అనుకోండి. "కథా" అంటే ముందుగా గుర్తొచ్చేది సత్యనారాయణ కథ, రామకథ లాంటి పారాయణం. కాబట్టి శీర్షికకు "విశ్వయుద్ధ్‌నీ వార్తాఓ" సరిగ్గా అతుకుతుంది. "అవకాశ్" అంటే అంతరిక్షం, "అభ్యాస్" అంటే చదువు. "సైనికులకు తప్పించుకునే అవకాశం దొరికింది" అన్న వాక్యాన్ని మాటకు మాట మారిస్తే వాళ్ళకి అంతరిక్షం దొరుకుతుంది! అక్కడ "తక్" వాడండి.

మాటల కంటే పెద్ద చిక్కు క్రియ. తెలుగులో ఫిరంగి పేలింది, ఓడ మునిగింది, గుండు పడింది, అన్నిటికీ ఒకటే రూపం. గుజరాతీలో మూడు లింగాలు. పైగా భూతకాలంలో సకర్మక క్రియ కర్తను వదిలి కర్మ వెంట పోతుంది. సైనికుడు ఒక్కడే అయినా తోప్ పేలిస్తే "సైనికే తోప్ ఫోడీ", గోళో విసిరితే "సైనికే గోళో ఫేంక్యో", వహాణ్ ముంచితే "సైనికే వహాణ్ డుబాడ్యుం". తోప్ స్త్రీలింగం, గోళో పుంలింగం, వహాణ్ నపుంసకం. విమాన్, జహాజ్, లశ్కర్ నపుంసకం. సబ్‌మరీన్ స్త్రీలింగంగా నడుస్తుంది. యుద్ధ కథంతా భూతకాలపు సకర్మక క్రియలే కాబట్టి పేజీకి ఇరవై చోట్ల తప్పు పడే వీలుంది. రాయడం మొదలుపెట్టే ముందే 60, 70 ఆయుధ, వాహన నామవాచకాలకు లింగం రాసిన పట్టిక ఒకటి చేసుకోండి. తర్వాత వెతుక్కుంటూ కూర్చుంటే వాక్యం వేగం చచ్చిపోతుంది.

అందుకే నా గట్టి సలహా: తెలుగు చిత్తుప్రతి మానేయండి. తెలుగులో ఘటనల జాబితా మాత్రమే పెట్టుకుని, వాక్యాలు నేరుగా గుజరాతీలో రాయండి. తెలుగు వాక్యంలో "వచ్చి, చూసి, ఎక్కి, దిగి" అని అసమాపక క్రియలు గొలుసుగా కడతాం. గుజరాతీలో "-ఈనే" అని కట్టొచ్చు గానీ మూడు దాటితే ఊపిరాడదు.

సముద్రపు మాటలకు వాళ్ళ దగ్గర కొదవే లేదు. ఆవిరి ఓడకి "ఆగ్‌బోట్", తెరచాప ఓడకి "వహాణ్", నావికుడికి "ఖలాసీ", ఓడ నడిపే పెద్దకి "టండేల్", దీపస్తంభానికి "దీవాదాండీ", ఓడల బృందానికి "కాఫలో". కాన్వాయ్ అని రాసి కింద వివరణ ఇవ్వాల్సిన పనే లేదు, కాఫలో అంటే చిన్నపిల్లలకూ తెలుస్తుంది. కందకానికి "ఖాయీ", ముట్టడికి "ఘేరో". తూటా "గోళీ", ఫిరంగి గుండు "గోళో". ఈ రెండూ తారుమారైతే కథలో మనుషులు ఫిరంగి గుండ్లు జేబులో వేసుకుని తిరుగుతారు.

స్పెల్లింగుకి 1929లో మొదటిసారి వెలువడిన గుజరాత్ విద్యాపీఠ్ జోడణీకోశ్ ప్రమాణం. ఉచ్చారణలో ఇకార, ఉకారాల హ్రస్వ దీర్ఘాలు వాళ్ళు తేడాగా పలకరు గనుక చెవిని నమ్మి రాయకూడదు, నిఘంటువు తెరవాల్సిందే. విదేశీ పేర్లు నిఘంటువులో ఉండవు. వాటికి మీరే ఒక జాబితా పెట్టి, మొదటి భాగంలో ఎలా రాశారో పన్నెండో భాగంలోనూ అలాగే రాయండి.

ముంబై గురించి ఒక్క మాట. ఆ రోజుల కథ కదా అని "బాంబే" అని రాయకండి. గుజరాతీలో అది ఎప్పుడూ ముంబైయే.

పాతపటాలు

సంభాషణల ప్రశ్నకు నా సమాధానం: వద్దు. నమోదైన మాట ఉంటే వాడండి, లేకపోతే పని చూపించండి. ఉదాహరణకి 1944 ఏప్రిల్ 14 ముంబై డాక్ పేలుడు తీసుకోండి. గుజరాతీ పాఠకులకు రెండో ప్రపంచ యుద్ధంలో ఇంతకంటే దగ్గర ఘటన లేదు. రేవు వెనకున్న ధాన్యం, పత్తి, కిరాణా వ్యాపారంలో ఎంతమంది గుజరాతీలు ఉండేవారో మీకు తెలిసిందే. ఒక్క డైలాగ్ కూడా లేకుండా ఇది ఎలా నడుస్తుందో చూడండి.

ఫోర్ట్ స్టికీన్ అనే సరుకు ఓడ ఫిబ్రవరి 24న ఇంగ్లండ్‌లోని బర్కెన్‌హెడ్‌లో బయల్దేరింది. లోపల సుమారు 1,395 టన్నుల పేలుడు పదార్థాలు. కరాచీలో ఆగి పత్తి బేళ్ళు, నూనె పీపాలు, కలప, తుక్కు ఇనుము ఎక్కించుకుంది. ఏప్రిల్ 12న విక్టోరియా డాక్‌లో కట్టేశారు. రెండు రోజులైనా పేలుడు సరుకు దించడం పూర్తి కాలేదు. 14వ తేదీ మధ్యాహ్నం రెండు గంటల ప్రాంతంలో రెండో నంబరు గదిలోంచి పొగ వచ్చింది. పంపులతో 900 టన్నులకు పైగా నీళ్ళు కొట్టారు. పొగ దట్టంగా ఉండటం వల్ల మంట ఎక్కడుందో దొరకలేదు, వేడికి ఓడలోని నీళ్ళే మరిగాయి. 3:50కి ఓడ వదిలేయమన్నారు. 4:06కి మొదటి పేలుడు, 4:34కి రెండోది. ఒకటిన్నర గంటకు పైగా చుట్టూ మనుషులు పని చేస్తూనే ఉన్నారు. చనిపోయిన వాళ్ళ అంచనాలు 800 దగ్గర మొదలై పైకి పోతాయి. వారిలో అగ్నిమాపక సిబ్బంది 66 మంది. ఇప్పటికీ ఏప్రిల్ 14 నుంచి 20 దాకా దేశమంతా అగ్నిమాపక వారోత్సవం జరిపేది వాళ్ళ జ్ఞాపకంగానే.

ఇది రాసేటప్పుడు గడియారమే మీ కథకుడు. 2:00, 3:50, 4:06, 4:34. నాలుగు సమయాలు, నాలుగు ఖండాలు. "నాన్నా, పొగ వస్తోంది!" అని అరిచే ఒక కల్పిత కుర్రాణ్ణి పెట్టగానే పాఠకుడు మిగతా అంకెల్ని కూడా అనుమానిస్తాడు. గుజరాతీలో సమయం చెప్పేటప్పుడు సవా (పావు ఎక్కువ), సాడా (అర ఎక్కువ), పోణా (పావు తక్కువ) అలవాటు కాబట్టి 4:06ని "సవా చార్" వైపు లాగకండి. "చార్ ఉపర్ ఛ మినిటే" అని కచ్చితంగా పెట్టండి. ఆ ఆరు నిమిషాల్లోనే బిగువంతా ఉంది.

ఇంకో వల: ఆ ఓడలో 124 బంగారు కడ్డీలున్నాయి, ఒక్కోటి సుమారు 12.7 కిలోలు. కథ బంగారంతో మొదలుపెట్టాలని అందరికీ చేతులు దురద పెడతాయి. అలా మొదలుపెడితే చివరిదాకా పిల్లవాడు బంగారం ఏమైందనే చూస్తాడు, పత్తి పక్కన పేలుడు సరుకు ఎందుకు పెట్టారని అడగడు. అసలు అడగాల్సిన ప్రశ్న అది. బంగారాన్ని చివరి పేరాలో ఒక వాక్యంగా పెట్టండి.

పెద్ద అంకెల గురించి. మిలియన్లు, బిలియన్లు తీసేయండి. మొదటి యుద్ధంలో చనిపోయిన భారతీయ సైనికులు దాదాపు 74,000, రెండో యుద్ధంలో దాదాపు 87,000. మోటేరా స్టేడియంలో 1,32,000 మంది కూర్చోవచ్చు. మొదటి అంకె అందులో సగానికి కాస్త ఎక్కువ, రెండోది దాదాపు మూడింట రెండు వంతులు. అహ్మదాబాద్ పిల్లలకు ఇది వెంటనే కళ్ళకు కడుతుంది.

పటానికి: అర పేజీ కంటే చిన్నదైతే ఎనిమిది పేర్లకు మించొద్దు. టాంగా పటంలో మాండ్వి, ముంబై, ఏడెన్, మొంబాసా, టాంగా, జాంజీబార్, రుఫిజీ, దార్-ఎస్-సలామ్ చాలు. ముంబై నుంచి టాంగాకు గీత గీయండి, బెర్లిన్ నుంచి బాణాలు వద్దు. పాఠకుడి ఊరు పటం అంచున ఉండాలి, పటం బయట కాదు.

తాపీతీరం

ఇవి చదివాక వరస తిరగరాశాను: 1. జాంజీబార్ ఉదయం, 2. టాంగా, 3. రుఫిజీలో దాక్కున్న ఓడ, 4. ఫ్రాన్స్ కందకాల్లో భారతీయులు, 5. హైఫా, 6. గుజరాత్‌లోని ఖేడా జిల్లాలో గాంధీజీ సైన్య సమీకరణ, 7. రంగూన్ మీద బాంబులు, 8. బాలాచడీ పోలిష్ పిల్లలు, 9. అట్లాంటిక్ కాఫలో, 10. స్టాలిన్‌గ్రాడ్, 11. ముంబై డాక్, 12. హిరోషిమా.

బాలాచడీ విషయంలో వాట్సాప్‌లో తిరిగే కథ చాలా కదిలించేలా ఉంది. వందల మంది పోలిష్ తల్లులు, పిల్లలతో ఒక ఓడ, ఏ రేవూ రానివ్వదు, చివరికి జామ్‌నగర్ రాజు జామ్‌సాహెబ్ చేతులు చాస్తాడు. అదే వాడవచ్చా? ఖేడా భాగం పెద్దల్ని నొప్పిస్తుందేమో అని కూడా సందేహంగా ఉంది.

నౌకాచరిత్ర

ఆ ఓడ కథ వాడకండి. మొదటి పిల్లల బృందం వచ్చింది నేల దారిన. 1939లో పోలండ్ తూర్పు భాగాన్ని సోవియట్లు ఆక్రమించి, లక్షల మందిని సైబీరియా, కజకిస్తాన్ వైపు తరలించారు. జర్మనీ సోవియట్ యూనియన్ మీద పడ్డాక 1941 జూలై 30న లండన్‌లో పోలిష్, సోవియట్ ప్రభుత్వాల ఒప్పందం కుదిరింది, ఖైదీలకు విడుదల దొరికింది. అనాథ పిల్లల్ని అష్గాబాద్‌లో పోగేసి, లారీల్లో ఇరాన్‌లోని మష్హద్, జాహెదాన్ మీదుగా క్వెట్టా తెచ్చారు, అక్కడినుంచి రైల్లో ముంబై. కొన్నాళ్ళు బాంద్రాలో ఉంచి 1942 వేసవి తర్వాత బాలాచడీ చేర్చారు. జామ్‌నగర్‌కి సుమారు 25 కిలోమీటర్ల దూరంలో, సముద్రపు ఒడ్డున, జామ్‌సాహెబ్ దిగ్విజయ్‌సింహ్‌జీ వేసవి నివాసం పక్కన ఆ శిబిరం 1946 దాకా నడిచింది. ఇప్పుడు ఆ స్థలంలో సైనిక్ స్కూల్ ఉంది.

పిల్లల సంఖ్య కొన్నిచోట్ల 600 పైచిలుకు, కొన్నిచోట్ల వెయ్యి అని కనిపిస్తుంది. "వందల మంది పిల్లలు" అని రాస్తే సరిపోతుంది. డబ్బంతా ఒక్క రాజే పెట్టాడనీ రాయకండి. ఇతర సంస్థానాల విరాళాలు, పోలిష్ కాన్సులేట్, రెడ్‌క్రాస్ పాత్ర ఉన్నాయి. ఆయన నరేంద్ర మండలికి (సంస్థానాధీశుల సభకు) ఛాన్సలర్‌గా ఉండటం వల్లే ఆ విరాళాలు కదిలాయి. ఆయన పెద్దతనం అందువల్ల తగ్గదు. ఊరికే డబ్బిచ్చి ఊరుకోకుండా తన ఇంటి పక్కన చోటిచ్చాడు. వార్సాలో ఆయన పేరిట "మంచి మహారాజా చౌక్" ఉంది.

రాయడానికి లారీ దారి ఓడ కంటే గట్టి వస్తువు. ఎడారి, కొండ దారులు, క్వెట్టా స్టేషన్, ఆ తర్వాత మొదటిసారి సముద్రం. పటంలో ఆరు పేర్లే: అష్గాబాద్, మష్హద్, జాహెదాన్, క్వెట్టా, ముంబై, జామ్‌నగర్. ఫొటోకి పోలిష్ ఆర్కైవ్‌లు అనుమతి అడిగితే ఇస్తాయి, ఇంటర్నెట్‌లో దొరికిందని ఎత్తి పెట్టొద్దు. చాలా ఫొటోలు కొల్హాపూర్ దగ్గరి వళీవడే శిబిరానివి. అది 1943లో మొదలైంది, పెద్దలతో కలిపి 5,000 మంది దాకా ఉన్న వేరే శిబిరం. ఫొటో కింద పేరు తప్పితే జామ్‌నగర్ పాఠకులే మొదట పట్టుకుంటారు.

హైఫా (ఇప్పటి ఇజ్రాయెల్‌లోని రేవు) భాగంలో కూడా ఇలాంటి ఉత్సాహం అదుపులో పెట్టుకోవాలి. 1918 సెప్టెంబరు 23 దాడి జోధ్‌పూర్, మైసూరు లాన్సర్లది (గుర్రపు దళాలది). భావ్‌నగర్ లాన్సర్ల దళం మైసూరు వాళ్ళతో జతపడి పనిచేసింది కాబట్టి సౌరాష్ట్ర పేరు న్యాయంగానే వస్తుంది, కానీ వాళ్ళే గెలిచారన్నట్టు రాయకూడదు. మన హైదరాబాద్ లాన్సర్లు అదే బ్రిగేడ్, ఢిల్లీ తీన్‌మూర్తిలో ఒక విగ్రహం వాళ్ళదే. అయినా ఆ రోజు దాడిలో వాళ్ళు లేరు.

అనువాదబల్ల

ఖేడా భాగం తప్పకుండా రాయండి. అన్ని భాగాల్లోకీ లోతైనది అదే. దాచిపెడితే పిల్లలకు అన్యాయం. క్రమం ఇలా పెట్టండి. 1918 మార్చి 22న నడియాద్‌లో పన్ను నిరాకరణ సత్యాగ్రహం మొదలైంది, జూన్‌లో ముగిసింది. అదే జూన్ 22న అదే జిల్లా రైతులకు గాంధీజీ కరపత్రం రాశారు: జిల్లాలో 600 ఊళ్ళు, ఊరికి 20 మంది చొప్పున సైన్యంలో చేరితే 12,000 మంది. సత్యాగ్రహంలో బండ్లు ఉచితంగా ఇచ్చిన ఊళ్ళు ఇప్పుడు అద్దెకు కూడా ఇవ్వలేదు. తిండి సంచీలో పెట్టుకుని రోజుకు సుమారు 20 మైళ్ళు నడిచారు. ఆగస్టులో నడియాద్‌లో విరేచనాలతో మంచం పట్టారు, నవంబరులో యుద్ధం ఆగిపోయింది.

అహింస చెప్పిన మనిషి సైనికుల్ని ఎందుకు అడిగాడన్న ప్రశ్న పిల్లలే అడుగుతారు. దానికి మీరు తీర్పు చెప్పొద్దు. ఆయన ఆ రోజు ఇచ్చిన కారణాలు ఆయన మాటల్లోనే పెట్టండి: ఆయుధం పట్టడం చేతకాని వాడి అహింసకు విలువ లేదన్నది, సామ్రాజ్యంలో సమాన హోదా కావాలంటే దాని రక్షణలో పాలు పంచుకోవాలన్నది. అప్పుడు పక్కనే ఊళ్ళవాళ్ళ ప్రతిస్పందన. రెండూ పక్కపక్కన ఉంటే చాలు.

ఇక్కడే తెలుగువాళ్ళు పెద్ద తప్పు చేస్తారు. గాంధీజీ వాక్యాన్ని ఇంగ్లీషులోనో తెలుగులోనో చదివి, దాన్ని గుజరాతీలోకి మారుస్తారు. ఆత్మకథ ఆయన గుజరాతీలోనే రాశారు, 1925 నుంచి 1929 దాకా ఆయన పత్రిక నవజీవన్‌లో వారం వారం వచ్చింది. గుజరాతీ పాఠకుడికి ఆ వాక్యాలు కంఠస్థం. మీరు తిరిగి అనువదించినది మొదటి చూపులోనే దొరికిపోతుంది. ఆయన రచనల గుజరాతీ సంకలనం గాంధీజీనో అక్షరదేహ్ సంపుటాల్లో మూలం వెతికి, ఉన్నది ఉన్నట్టు ఎత్తిరాయండి.

శైలి గురించి ఒకటి. సౌరాష్ట్రలో డాయరో సంప్రదాయం ఉంది. రాత్రంతా కూర్చుని దుహాలు (రెండు పాదాల పద్యాలు) కలుపుతూ వీరగాథలు చెబుతారు. పల్లెల్లో వీరుల పాళియా రాళ్ళు, మన వీరగల్లుల్లాంటివి, తీరంలో ఓడ బొమ్మ చెక్కినవి కూడా ఉన్నాయి. ఆ గొంతు పాఠకుడి చెవిలో సిద్ధంగా ఉంది కాబట్టి కోనిగ్స్‌బర్గ్ వేటకు, హైఫాకు కొంచెం వాడుకోండి. బాలాచడీకి, ముంబై డాక్‌కి, హిరోషిమాకి అసలు వద్దు. అక్కడ చనిపోయిన వాళ్ళలో ఎక్కువమంది యుద్ధానికి వెళ్ళినవాళ్ళు కాదు, తమ పనిలో, తమ ఇంట్లో ఉన్నవాళ్ళు. వీరగాథ గొంతు పెడితే వాళ్ళు కనిపించకుండా పోతారు.

పాతపటాలు

రంగూన్ భాగంలో మనకూ వాటా ఉంది కాబట్టి కాస్త చెబుతాను. 1941 డిసెంబరు 23న, మళ్ళీ 25న జపాన్ విమానాలు రంగూన్ మీద బాంబులు వేశాయి. 1931 జనగణన నాటికే ఆ నగరంలో సగానికి పైగా భారతీయులు. గుజరాతీ వర్తకుల దుకాణాలు ఒక పక్క, రేవులో బియ్యం బస్తాలు మోసే తెలుగు కూలీలు మరో పక్క. కోరంగి రేవు పేరు మీద తెలుగువాళ్ళను అక్కడ కొరంగీలు అనేవారు. 1942 మార్చి 8న నగరం జపాన్ చేతికి వచ్చింది. బర్మా వదిలి వచ్చిన భారతీయులు 4 లక్షలకు పైగా. ఓడ టికెట్టు దొరికినవాళ్ళు సముద్రం మీద, దొరకనివాళ్ళు నడిచి: ప్రోమ్ నుంచి టౌంగప్ కనుమ మీదుగా అరకాన్ తీరానికి, తాము మీదుగా మణిపూర్‌కి, హుకాంగ్ లోయ మీదుగా అస్సాంలోని లేడోకి. టౌంగప్ దారిలో కలరా. ఎవరు ఏ దారిన రాగలిగారన్నది చేతిలో ఉన్న డబ్బును బట్టి తేలింది. మీ గుజరాతీ కథలో ఓడెక్కిన వర్తకుడు మాత్రమే ఉంటే సగం కథే. సూరత్ మగ్గాల దగ్గర తెలుగు కుటుంబాలున్న ఊరి పత్రికకు రెండో సగం కూడా దగ్గరిదే.

తేదీల్లో ఒక చిక్కు. పెర్ల్ హార్బర్ తేదీ డిసెంబరు 7 అనీ, మలయాలో కోటా భారు మీద జపాన్ దిగింది డిసెంబరు 8 అనీ పుస్తకాల్లో ఉంటుంది. దాంతో రెండోది మర్నాడు జరిగిందని రాస్తారు. మధ్యలో తేదీ మారే అంతర్జాతీయ దినరేఖ ఉంది. నిజానికి కోటా భారు దాడే గంట ముందు మొదలైంది. ఏ తేదీ అయినా స్థానిక తేదీ అని గుర్తు పెట్టుకుని, పక్కపక్క ఘటనల్ని గంటల్లో లెక్కేసి చూడండి.

పనికి ఒక పద్ధతి చెబుతాను. ప్రతి భాగానికి నాలుగు గడుల కాగితం: ఘటన, తేదీ సమయం, ఎక్కడ చదివారు, రెండో ఆధారం. రెండో ఆధారం గడి ఖాళీగా ఉన్న వాక్యాన్ని కథలోంచి తీసేయండి. 1,100 మాటలకు ఇలాంటి వరుసలు 25 నుంచి 30 పడతాయి. అంతకంటే ఎక్కువైతే అది మళ్ళీ పాఠ్యపుస్తకం అవుతుంది. సైనికుల పేర్లు కావాలంటే కామన్వెల్త్ యుద్ధ సమాధుల సంఘం జాబితాల్లో ఊరి పేరుతో వెతకవచ్చు, జాతీయ అభిలేఖాగారం పాత దస్త్రాలు దాని వెబ్‌సైట్ అభిలేఖ్ పటల్‌లో ఉచితంగా చూడవచ్చు. స్పెల్లింగులు ఇంగ్లీషులో ఇష్టమొచ్చినట్టు ఉంటాయి. జామ్‌నగర్ కోసం నవానగర్ అని, ఖేడా కోసం కైరా అని కూడా వెతకాలి.

తాపీతీరం

అందరికీ కృతజ్ఞతలు. తెలుగు చిత్తుప్రతి ఆపేశాను. లింగాల పట్టికలో 64 మాటలు చేరాయి, ఖేడా మూల వాక్యాలు అక్షరదేహ్ నుంచి తీయాలి. ఏడో భాగాన్ని రెండు చేసి, ఓడ దారి ఒక వారం, టౌంగప్ నడక దారి ఇంకో వారం ఇస్తున్నాను. దానికోసం పదో భాగం స్టాలిన్‌గ్రాడ్ తీసేశాను. జాంజీబార్ ఉదయం గుజరాతీ ప్రతి శనివారానికి ఇక్కడ పెడతాను. అనువాదబల్ల గారూ, క్రియలు ఒకసారి చూసిపెట్టండి.